ఎవరికీ అక్కర్లేని కుర్చీ

1922 ఏప్రిల్ 3న రష్యా కమ్యూనిస్టు పార్టీ కేంద్ర కమిటీ ఒక కొత్త పదవిని ఏర్పాటు చేసింది. పేరు ప్రధాన కార్యదర్శి. సమావేశాలకి ఎజెండా తయారుచేయడం, తీర్మానాలు కింది కమిటీలకి చేరాయో లేదో చూసుకోవడం, ఏ జిల్లాకి ఏ కార్యకర్తని పంపాలో తేల్చడం... అదీ పని. విప్లవాన్ని నడిపిన ఉద్దండులెవరూ ఆ కుర్చీ కోసం పోటీ పడలేదు. ట్రాట్‌స్కీ చేతిలో ఎర్రసైన్యం ఉంది. జినోవియెవ్ పెట్రోగ్రాడ్‌నీ, అంతర్జాతీయ కమ్యూనిస్టు సంస్థ కొమింటర్న్‌నీ నడిపిస్తున్నాడు. మాస్కో కామెనెవ్‌ది. బుఖారిన్ ‘ప్రావ్దా’ పత్రిక సంపాదకుడు. అందరూ గంటలకొద్దీ ఉపన్యసించగలవాళ్లే, పుస్తకాలు రాసినవాళ్లే. బదిలీ కాగితాల మధ్య కూర్చునే చాకిరీ వాళ్లకెందుకు? దాన్ని జార్జియా యాస వదలని రష్యన్‌లో మెల్లగా మాట్లాడే 43 ఏళ్ల స్టాలిన్‌కి అప్పగించారు. లెనిన్ కూడా సరేనన్నాడు.

సరిగ్గా పదిహేనేళ్లకి, అంటే 1937 ఏప్రిల్ నాటికి, జినోవియెవ్‌నీ కామెనెవ్‌నీ కాల్చి చంపేశారు. బుఖారిన్ జైల్లో ఉన్నాడు. ట్రాట్‌స్కీ దేశాలన్నీ తిరిగి మెక్సికో చేరాడు. ఆ కుర్చీలో మాత్రం అదే మనిషి.

నియంత అనగానే మనకి గొంతు చించుకునే ప్రసంగాలు, వీధుల్లో తుపాకులు, తెల్లారేసరికి మారిపోయిన ప్రభుత్వం గుర్తొస్తాయి. స్టాలిన్ అలా రాలేదు. ఆయన ఎక్కిన ప్రతి మెట్టు దగ్గరా ఆపగలిగిన మనుషులు నిలబడి ఉన్నారు. ప్రతిసారీ వాళ్లు తమకి అంతకన్నా పెద్ద శత్రువు ఇంకెవరో ఉన్నారనుకుని పక్కకి తప్పుకున్నారు. ఇరవయ్యో శతాబ్దంలోని నిరంకుశ పాలనల్లో నన్ను ఎక్కువగా భయపెట్టేది ఇదే. అక్కడి చావుల లెక్కలు తెలిసిన వాళ్లు చాలామంది ఉన్నారు, ఆ లెక్కలకి దారితీసిన చిన్న చిన్న ఒప్పందాలు గుర్తున్నవాళ్లు తక్కువ.

చెప్పులు కుట్టేవాడి కొడుకు

ఇయోసెబ్ జుగాష్విలీ 1878 డిసెంబరులో జార్జియాలోని గోరీ అనే చిన్న పట్నంలో పుట్టాడు. తండ్రి బెసారియన్ చెప్పులు కుట్టేవాడు, తాగితే ఇంట్లో అందరినీ కొట్టేవాడు. తల్లి కేకే నలుగురి ఇళ్లలో బట్టలు ఉతికి కొడుకుని చదివించింది. కొడుకు ఫాదరీ కావాలన్నది ఆమె కోరిక. 1894లో టిఫ్లిస్ మత పాఠశాలలో చేరాడు, 1899లో చదువు పూర్తికాకుండానే బయటికొచ్చాడు. ఆ తర్వాత పార్టీ రహస్య పని, అరెస్టులు, సైబీరియా ప్రవాసాలు. ‘ఉక్కు మనిషి’ అనే అర్థంలో స్టాలిన్ పేరు పెట్టుకున్నది ఆ రోజుల్లోనే. ఆయన బాల్యంలో ఈ క్రూరత్వానికి కారణం వెదికిన పుస్తకాలు చాలా ఉన్నాయి. నాకు ఆ వెదుకులాట మీద నమ్మకం లేదు. తాగుబోతు తండ్రుల చేతిలో దెబ్బలు తిన్న పిల్లలు ఆ కాలపు జార్జియాలో వేలమంది. వాళ్లెవరి చేతికీ ఒక దేశం రాలేదు. కాబట్టి చూడాల్సింది దేశం చేతికొచ్చిన తీరుని.

కార్యదర్శి కుర్చీలో కూర్చోగానే స్టాలిన్ గమనించిన విషయం ఒక్కటే. మహాసభకి వచ్చి చెయ్యెత్తే ప్రతినిధులని పంపేది జిల్లా కమిటీలు. ఆ కమిటీల కార్యదర్శులని నియమించేది తన కార్యాలయం. ఎవరు ఎక్కడ పుట్టారు, ఎవరి మనిషి, ఏ తప్పు చేసి దొరికాడు అన్నది నియామకాల విభాగంలోని కార్డుల్లో ఉంది. వేల నియామకాలు ఆ గదిలోంచే వెళ్లేవి. ఎక్కడో ఉరల్ కొండల్లో చలికి వణుకుతున్న కార్యకర్తకి మంచి చోటుకి బదిలీ దొరికితే, ఆ కృతజ్ఞత మార్క్సు మీదికి పోదు, సంతకం పెట్టిన మనిషి మీదికి పోతుంది. ఇందులో రహస్యమేమీ లేదు. మన దగ్గర కార్పొరేషన్లలో, సహకార సంఘాల్లో, విశ్వవిద్యాలయాల్లో పనిచేసిన ఎవరికైనా అర్థమయ్యే సంగతే.

లెనిన్‌కి ఇది ఆలస్యంగా అర్థమైంది. 1922 మేలో ఆయనకి మొదటిసారి పక్షవాతం వచ్చింది. డిసెంబరు చివర్లో మంచం మీద నుంచే మహాసభకి ఒక లేఖ చెప్పి రాయించాడు. స్టాలిన్ చేతిలో అంతులేని అధికారం పోగుపడిందనీ, దాన్ని జాగ్రత్తగా వాడతాడన్న నమ్మకం తనకి లేదనీ అందులో ఉంది. 1923 జనవరి 4న దానికి ఇంకో ముక్క చేర్చాడు. ఈ మనిషి మరీ మొరటు, ఇతన్ని ఆ పదవిలోంచి తప్పించే దారి చూడండి అని.

1924 జనవరి 21న లెనిన్ చనిపోయాడు. మే నెలలో 13వ మహాసభకి ముందు ఆ లేఖ బయటికి వచ్చింది. ఒక్క నిమిషం ఆగి ఆలోచించాల్సిన సందర్భం ఇది. దేశాన్ని స్థాపించిన మనిషి, దాదాపు దేవుడిగా కొలుస్తున్న మనిషి, పేరు పెట్టి మరీ ఇతన్ని తప్పించమని రాసి పోయాడు. ఆ రోజు స్టాలిన్‌ని కాపాడింది ఆయన సైన్యమో పోలీసులో కాదు, జినోవియెవ్, కామెనెవ్. వాళ్ల భయమంతా ట్రాట్‌స్కీ గురించి. లెనిన్ భయపడినట్టు ఏమీ జరగలేదు, కార్యదర్శి బాగానే పనిచేస్తున్నాడు అని వాళ్లు వాదించారు. లేఖని అచ్చువేయకూడదనీ, రాష్ట్రాల వారీగా ప్రతినిధులకి విడివిడిగా చదివి వినిపిస్తే చాలనీ తేల్చారు. ట్రాట్‌స్కీ ఆ గదిలోనే ఉన్నాడు. నోరు విప్పలేదు.

రెండేళ్లు తిరగకముందే వంతు మారింది. 1925 డిసెంబరు మహాసభలో కామెనెవ్ లేచి, పార్టీని కలిపి ఉంచే శక్తి స్టాలిన్‌కి లేదని చెప్పబోయాడు. హాలు హాలంతా అరుపులతో ఆయన గొంతు నొక్కేసింది. అక్కడ కూర్చున్న ప్రతినిధులు మూడేళ్లుగా ఏ కార్యాలయం నియమించిన మనుషులో కామెనెవ్‌కి అప్పుడు తెలిసొచ్చి ఉండాలి. ఈ విడతలో స్టాలిన్ పక్కన నిలబడింది బుఖారిన్. 1927 నవంబరులో ట్రాట్‌స్కీని పార్టీలోంచి గెంటేశారు, 1928 జనవరిలో కజకిస్థాన్‌లోని ఆల్మా-అటాకి తరిమేశారు, మరుసటి ఏడాది దేశం దాటించారు. 1929లో బుఖారిన్ వంతు వచ్చింది. అప్పటికి ఆయన పక్కన నిలబడటానికి ఎవరూ మిగల్లేదు. ఆ డిసెంబరులో, అధికారిక లెక్క ప్రకారం, స్టాలిన్ యాభయ్యో పుట్టినరోజుని దేశమంతా పండగ చేసింది. పత్రికల నిండా ఆయన బొమ్మే.

ఎగుమతికి ఓడలు, ఊళ్లలో ఆకలి

అధికారం ఒక్క చేతికి వచ్చాక మొదట దెబ్బతిన్నది పల్లె. ఫ్యాక్టరీలకి యంత్రాలు కావాలి, యంత్రాలకి విదేశీ డబ్బు కావాలి, డబ్బుకి ధాన్యం అమ్మాలి, ధాన్యం రైతు దగ్గరుంది. రైతు భూమినీ ఎడ్లనీ సమష్టి క్షేత్రాల్లో కలిపేస్తే ధాన్యం పట్టుకుపోవడం తేలిక. 1930 మార్చి నాటికి కాగితాల మీద సగానికి పైగా రైతు కుటుంబాలు సమష్టి క్షేత్రాల్లో చేరిపోయాయి. ఎదిరించినవాడు ‘కులక్’, అంటే ధనిక రైతు, అంటే వర్గశత్రువు. రెండు ఆవులున్నా కులకే, పక్కింటివాడికి పగ ఉన్నా కులకే. 1930, 31 రెండేళ్లలోనే సుమారు 18 లక్షల మందిని పిల్లాపాపలతో రైలు పెట్టెల్లోకి ఎక్కించి ఉత్తరాదికీ సైబీరియాకీ కజకిస్థాన్‌కీ తోలేశారు.

పల్లెలు తిరగబడ్డాయి. చేజారేలోపు కోసుకు తినడమే నయమని రైతులు సొంత పశువులనే నరికేసుకున్నారు. కొన్నేళ్లలో దేశంలో పశువుల సంఖ్య దాదాపు సగానికి పడిపోయింది. అప్పుడు స్టాలిన్ చేసిన పని ఆయన పాలన మొత్తానికి నమూనా. 1930 మార్చి 2న ‘ప్రావ్దా’లో ఒక వ్యాసం రాశాడు. విజయం తలకెక్కి కింది అధికారులు అతి చేశారని తిట్టాడు. తొందరపెట్టిన ఉత్తర్వులు ఎవరివో అధికారులందరికీ తెలుసు. అయినా ఊళ్లలో రైతులు ఆ పత్రిక కాపీ కోసం ఎగబడ్డారు, పైనున్న ఆయన మంచివాడే, మధ్యవాళ్లే దుర్మార్గులు అనుకున్నారు. కొన్ని నెలల్లో సమష్టి క్షేత్రాల్లో కుటుంబాలు నాలుగో వంతుకి తగ్గాయి. ఆ తర్వాత అదే బలవంతం ఇంకా గట్టిగా మళ్లీ మొదలైంది.

1932 వేసవి నుంచి ఏం జరిగిందో చెప్పడానికి పంట దిగుబడి లెక్కలు చాలవు. దిగుబడి తగ్గిన మాట నిజమే. కానీ సేకరణ లక్ష్యం తగ్గాల్సినంత తగ్గలేదు. ఎగుమతి ఓడలు ఆగలేదు. ఆగస్టు 7న ఒక చట్టం వచ్చింది. సమష్టి పొలంలో నేలరాలిన గింజలు ఏరుకున్నా అది రాజ్యం ఆస్తి దొంగతనమే. శిక్ష మరణం, కనికరిస్తే పదేళ్లు. లక్ష్యం చేరని ఊళ్లని నల్లజాబితాలో పెట్టి కిరోసిన్, అగ్గిపెట్టె, ఉప్పు కూడా చేరకుండా ఆపేశారు. డిసెంబరులో పట్టణవాసులకి అంతర్గత పాస్‌పోర్టులు ఇచ్చారు, పల్లెవాళ్లకి ఇవ్వలేదు. 1933 జనవరి 22న స్టాలిన్, ప్రధాని మొలొటోవ్ సంతకాలతో ఇంకో ఆదేశం వెళ్లింది. ఉక్రెయిన్, కుబాన్ ప్రాంతాల రైతులెవరూ తిండి కోసం వేరే చోటికి పోకుండా రైల్వే టికెట్లు ఆపండి, పట్టుబడినవాళ్లని వెనక్కి పంపండి అని. కరువులో వలస పోవడం మన రాయలసీమకీ పాలమూరుకీ తెలుసు. ఆ ఆఖరి దారిని కూడా రాజ్యం మూసేస్తే ఏమవుతుందో ఉక్రెయిన్‌లో తెలిసింది. అక్కడ చనిపోయినవాళ్లు 35 నుంచి 39 లక్షలని జనాభా శాస్త్రవేత్తల అంచనా. పశువులే జీవనాధారంగా కజకులు సంచరించే కజకిస్థాన్‌లో సుమారు 15 లక్షల మంది పోయారు. వోల్గా తీరం, ఉత్తర కాకసస్ కూడా కలిపితే దేశమంతటా 55 లక్షల నుంచి 80 లక్షల దాకా చెప్తారు.

అప్పుడు బయటి ప్రపంచంలో చాలామంది కరువే లేదన్నారు. గారెత్ జోన్స్ అనే వేల్స్ యువ విలేకరి 1933 మార్చిలో ఉక్రెయిన్ ఊళ్లలో కాలినడకన తిరిగి చూసింది రాస్తే, మాస్కోలో ఏళ్లుగా ఉంటున్న ‘న్యూయార్క్ టైమ్స్’ ప్రతినిధి వాల్టర్ డ్యురాంటీ దాన్ని కొట్టిపారేస్తూ రాశాడు. డ్యురాంటీకి అంతకుముందే పులిట్జర్ బహుమతి వచ్చి ఉంది. లోకం ఆయన్నే నమ్మింది.

చనిపోయినవాళ్ల లెక్క తీసినవాళ్లకి పట్టిన గతి కూడా చెప్పాలి. 1937 జనవరిలో జనాభా లెక్కలు తీశారు. 16 కోట్ల 20 లక్షలు తేలింది. నాయకత్వం చాటుకున్న అంకెల కన్నా అది చాలా తక్కువ. కరువు తిన్న మనుషులు ఆ తేడాలో ఉన్నారు. ఏం చేశారు? లెక్కలే కుట్ర అన్నారు. గణాంక శాఖ అధిపతి ఇవాన్ క్రావల్‌నీ, జనాభా లెక్కల విభాగాన్ని చూసిన ఒలింపీ క్విట్కిన్‌నీ కాల్చేశారు. 1939లో మళ్లీ లెక్క తీశారు. ఈసారి కావాల్సిన సంఖ్య వచ్చింది.

జిల్లాకి ఇన్ని చావులు

1934 డిసెంబరు 1న లెనిన్‌గ్రాడ్ పార్టీ నాయకుడు సెర్గేయ్ కీరోవ్‌ని ఆయన కార్యాలయం నడవాలోనే నికొలాయెవ్ అనే నిరుద్యోగి కాల్చి చంపాడు. ఆ హత్య వెనక స్టాలిన్ ఉన్నాడా లేడా అన్నది చరిత్రకారుల్లో ఇప్పటికీ తెగని వాదం. ఆ హత్యని స్టాలిన్ ఎలా వాడుకున్నాడన్నదాంట్లో వాదమేమీ లేదు. అదే రోజు ఒక శాసనం తయారైంది. ఉగ్రవాద కేసుల్లో దర్యాప్తు పది రోజుల్లో ముగించాలి, అప్పీలు ఉండదు, శిక్ష వెంటనే అమలు చేయాలి.

ఆ ఏడాది మొదట్లో జరిగిన 17వ మహాసభని ‘విజేతల మహాసభ’ అన్నారు. వచ్చిన ప్రతినిధులు 1,966 మంది. తర్వాతి కాలంలో వాళ్లలో 1,108 మందిని అరెస్టు చేశారు. ఆ సభ ఎన్నుకున్న కేంద్ర కమిటీలో సభ్యులూ అభ్యర్థి సభ్యులూ కలిపి 139 మంది, వాళ్లలో 98 మందిని చంపేశారు. ఈ లెక్కలు 1956లో సోవియట్ పార్టీ నాయకుడు కృశ్చేవ్ సొంత పార్టీ మహాసభలో స్వయంగా చెప్పినవి. చప్పట్లు కొట్టి స్టాలిన్‌ని గెలిపించినవాళ్లే చచ్చారు.

మాస్కో విచారణల గురించి చాలామంది విన్నారు. 1936 ఆగస్టులో జినోవియెవ్, కామెనెవ్, 1938 మార్చిలో బుఖారిన్ బహిరంగ కోర్టులో నిలబడి తాము పార్టీకీ దేశానికీ వ్యతిరేకంగా కుట్రలు పన్నామని ఒప్పుకున్నారు. అవి విదేశీ విలేకరులు కూర్చుని చూసిన నాటకాలు. నిజమైన మారణకాండ మాత్రం ఎవరూ చూడని గదుల్లో, కోటాల ప్రకారం జరిగింది.

1937 జులై 30 నాటి 00447 నంబరు ఉత్తర్వు మీద రహస్య పోలీసు అధిపతి యెజోవ్ సంతకం ఉంది. మాజీ కులకులు, నేరస్థులు, ఇతర సోవియట్ వ్యతిరేకుల కోసమని తయారుచేశారు. వాళ్లని రెండు తరగతులు చేశారు. మొదటి తరగతికి తుపాకి గుండు, రెండో తరగతికి 8 నుంచి 10 ఏళ్ల శిబిరం. ఏ ప్రాంతం ఎంతమందిని పట్టుకోవాలో ముందే పట్టిక వేశారు. లెనిన్‌గ్రాడ్ ప్రాంతానికి మొదటి తరగతిలో 4,000, రెండో తరగతిలో 10,000. దేశం మొత్తానికి 2,68,950. అందులో కాల్చాల్సినవాళ్లు 75,950. ఎవరిని అన్నది తర్వాత తేలుతుంది, ఎంతమందిని అన్నది ముందే తేలిపోయింది. పార్టీ కార్యదర్శి, పోలీసు అధిపతి, ప్రాసిక్యూటర్ ముగ్గురూ కూర్చుని ఒక్క పూటలో వందల కేసులు తేల్చేవాళ్లు. నిందితుడు ఎదుట ఉండనక్కర్లేదు.

ఇక్కడ నా ఊపిరి ఆగిపోయే సంగతి ఒకటుంది. ప్రాంతాల అధికారులు కోటా చాలడం లేదని, పెంచమని మాస్కోకి రాశారు. పనితనం చూపించుకోవాలి మరి. వెనకబడితే తామే అనుమానితులవుతారు. మాస్కో పెంచుతూ పోయింది. 75,950 అనుకున్నది ఈ ఒక్క ఉత్తర్వు కిందే సుమారు 3,87,000 హత్యల దగ్గర ఆగింది. పోలిష్, జర్మన్, కొరియన్ తదితర జాతుల మీద నడిపిన దాడులు వేరే. 1937, 38 రెండేళ్లలో రాజకీయ నేరారోపణ మీద కాల్చివేతలు 6,81,692 అని సోవియట్ దస్తావేజులే చెప్తున్నాయి. సగటున రోజుకి 900 పైన. ఈ లెక్కని ఒక్క మనిషి పిచ్చికి కట్టేస్తే మనం తేలిగ్గా తప్పించుకున్నట్టే. టైపు చేసినవాళ్లు, కార్లు నడిపినవాళ్లు, గోతులు తవ్వినవాళ్లు, పొరుగింటి గది ఖాళీ అయితే తమకి దక్కుతుందని చీటీ రాసినవాళ్లు, ఇంతమంది లేకుండా ఆ అంకె రాదు.

చంపినవాళ్లూ మిగల్లేదు. యెజోవ్‌కి ముందు పోలీసు అధిపతి యాగోడాని 1938లో కాల్చారు, యెజోవ్‌ని 1940 ఫిబ్రవరిలో కాల్చారు. మాస్కో-వోల్గా కాలువ గట్టున స్టాలిన్ పక్కన యెజోవ్ నిలబడ్డ ఫొటోలోంచి అతన్ని తుడిచేసి, ఆ చోట కాలువ నీళ్లు దిద్దారు.

హైదరాబాద్ నుంచి వెళ్లిన చట్టో

కొందరి విషయంలో ముగ్గురి కమిటీ కూడా చాలదు, పేర్లు పై దాకా వెళ్లాలి. పేర్ల జాబితాలు టైపు చేసి స్టాలిన్ బల్ల మీద పెట్టేవాళ్లు. అలాంటివి 383 జాబితాలు బయటపడ్డాయి, వాటిల్లో 44 వేలకి పైగా పేర్లు. 1937 ఆగస్టు 31 నాటి జాబితాలో 184 పేర్లున్నాయి. దాని మీద స్టాలిన్, ఆయన సన్నిహిత నాయకులు మొలొటోవ్, వొరొషీలోవ్, జ్దానోవ్, కగనోవిచ్ సంతకాలు చేశారు. ఆ 184 మందిలో ఒకరు వీరేంద్రనాథ్ చట్టోపాధ్యాయ.

ఆయన 1880లో హైదరాబాద్‌లో పుట్టాడు. నిజాం కాలేజీ తొలి ప్రిన్సిపాల్ అఘోరనాథ్ చట్టోపాధ్యాయ కొడుకు, సరోజినీ నాయుడికి తమ్ముడు. ఆబిడ్స్ దగ్గర ఇప్పటికీ ఉన్న గోల్డెన్ త్రెషోల్డ్ ఆ కుటుంబం ఇల్లే. తెలుగు, ఉర్దూ, బెంగాలీ, పర్షియన్‌తో మొదలుపెట్టి యూరప్ భాషలెన్నో నేర్చాడు. 1902లో ఐసీఎస్ చదువుకని ఇంగ్లండ్ వెళ్లి, విప్లవకారుడిగా మారి మళ్లీ ఇంటి ముఖం చూడలేదు. మొదటి ప్రపంచ యుద్ధకాలంలో జర్మనీలో బ్రిటిష్ వ్యతిరేక బెర్లిన్ కమిటీని నడిపాడు. 1927లో బ్రస్సెల్స్‌లో నెహ్రూ హాజరైన సామ్రాజ్యవాద వ్యతిరేక మహాసభ వెనక ఆయన శ్రమ ఉంది. హిట్లర్ గాలి బలపడుతున్న బెర్లిన్ వదిలి సోవియట్ దేశానికి చేరి, లెనిన్‌గ్రాడ్‌లో సైన్స్ అకాడమీ మానవజాతి శాస్త్ర సంస్థలో భారతీయ భాషల మీద పనిచేశాడు. బ్రిటిష్ గూఢచారులు యూరప్ అంతటా వెంటపడి పట్టుకోలేకపోయిన ఆ మనిషిని 1937 జులై 15న ఆయన నమ్ముకున్న రాజ్యమే అరెస్టు చేసింది. సెప్టెంబరు 2న సైనిక న్యాయస్థానం మరణశిక్ష వేసింది. అమలు కూడా ఆ రోజే.

అప్పట్లో కాల్చేసినవాళ్ల బంధువులకి ‘ఉత్తరాలు రాసే హక్కు లేకుండా పదేళ్ల శిక్ష’ అని చెప్పేవాళ్లు. భార్యలు, తల్లులు ఆ పదేళ్లు ఎదురుచూసేవాళ్లు. చట్టోపాధ్యాయ ఎలా పోయాడన్నది మన దేశంలో దశాబ్దాల పాటు స్పష్టంగా ఎవరికీ తెలియలేదు.

తెలుగువాళ్లకి సోవియట్ దేశంతో ఉన్న ప్రేమ చిన్నది కాదు. గోర్కీ ‘అమ్మ’ చదవని ఇల్లు వామపక్షంలో లేదు. నున్నటి కాగితం మీద రంగుల బొమ్మలతో రాదుగ, ప్రగతి ప్రచురణాలయాల పిల్లల పుస్తకాలు రూపాయి, రెండు రూపాయలకి విశాలాంధ్ర దుకాణాల్లో దొరికేవి. ‘సోవియట్ భూమి’ పత్రిక అట్టలు బడి పుస్తకాలకి వేసుకున్న తరం ఇంకా ఉంది. ఆ పుస్తకాలు మంచివి, వాటి మేలు కాదనలేను. అయితే అదే గోర్కీ 1929లో సొలోవ్కీ ద్వీపాల నిర్బంధ శిబిరం చూసి మెచ్చుకుంటూ రాశాడనీ, లక్షకి పైగా ఖైదీలతో తవ్వించిన తెల్లసముద్రం కాలువని కీర్తించే సంపుటికి 1934లో సంపాదకత్వం వహించాడనీ ఆ దుకాణాల్లో ఏ పుస్తకమూ చెప్పలేదు.

1951 ఫిబ్రవరిలో మన కమ్యూనిస్టు నాయకులు చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య, డాంగే, అజయ్ ఘోష్‌లతో కలిసి రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలిన్‌ని కలుసుకున్నారు. తెలంగాణ సాయుధ పోరాటం కొనసాగించాలా వద్దా అన్నది అప్పుడు వాళ్ల ముందున్న ప్రశ్న. ఆ అక్టోబరులో పోరాటాన్ని విరమించారు. నల్లగొండ, వరంగల్ పల్లెల్లో భూమి కోసం ప్రాణాలిచ్చినవాళ్ల నిజాయతీకి ఇందులో మచ్చేమీ లేదు. కానీ దొరల చేతిలోంచి భూమి గుంజుకుని రైతుకి పంచడమే ఆశయంగా పోరాడిన మనుషులు, రైతు చేతిలోంచి భూమి గుంజుకున్న మనిషిని దిక్కుగా చూశారన్నది ఆలోచిస్తే మనసు బరువెక్కుతుంది.

కంఠస్థం చేసిన కాగితాలు

ఆ భయం ఇళ్లలో ఎలా ఉండేదో అంకెలు చెప్పవు. అర్ధరాత్రి లిఫ్టు చప్పుడు ఏ అంతస్తులో ఆగుతుందా అని వింటూ పడుకునేవాళ్లు. వెచ్చని బట్టలతో చిన్న సంచీ సర్ది తలుపు దగ్గర ఉంచుకునేవాళ్లు. 1937 ఆగస్టులో వచ్చిన ఇంకో ఉత్తర్వు ప్రకారం ‘ద్రోహి’ భార్య అయితే చాలు, అరెస్టు. అలాంటి భార్యల కోసమే కజకిస్థాన్‌లో ఒక శిబిరం పెట్టారు. దేశాధ్యక్షుడి హోదాలో ఉన్న కలీనిన్ భార్యని శిబిరానికి పంపితే, కలీనిన్ పదవిలో కొనసాగుతూ కాగితాల మీద సంతకాలు పెడుతూనే ఉన్నాడు. 1949లో మొలొటోవ్ భార్య పొలీనాని అరెస్టు చేశారు. ఆమెని పార్టీలోంచి తీసేసే తీర్మానం మీద ముందు తటస్థంగా ఉన్న మొలొటోవ్, తర్వాత అది తప్పయిందని రాసిచ్చాడు.

బుఖారిన్ అరెస్టుకి ముందు భవిష్యత్తు పార్టీ నాయకులకని ఒక లేఖ రాశాడు. భార్య అన్నా లారినాకి ఇరవై రెండు, ఇరవై మూడేళ్లు. ఆమె చేత దాన్ని కంఠస్థం చేయించి కాగితం కాల్చేశాడు. జైళ్లు, శిబిరాలు, ప్రవాసాల్లో దాదాపు ఇరవై ఏళ్లు ఆమె దాన్ని మనసులో వల్లెవేసుకుంటూనే ఉంది. 1980ల చివర్లో అది రష్యాలో అచ్చయింది, 1988లో బుఖారిన్ నిర్దోషి అని రాజ్యం ప్రకటించింది. కవయిత్రి అన్నా అఖ్మతొవా కూడా అంతే. కొడుకు కోసం లెనిన్‌గ్రాడ్ జైలు ముందు బారులో 17 నెలలు నిలబడింది. ఆ రోజుల మీద రాసిన కవితల్ని ఒక్కొక్కటిగా స్నేహితురాళ్లకి చూపించి, వాళ్లు బట్టీ పట్టగానే కాగితాన్ని బూడిద చేసేది. అక్షరం రాసి ఉంచడానికి భయపడిన దేశంలో ఆడవాళ్ల జ్ఞాపకశక్తే గ్రంథాలయంగా పనిచేసింది.

అదే కాలంలో, 1936 డిసెంబరు 5న, దేశానికి కొత్త రాజ్యాంగం వచ్చింది. వాక్ స్వాతంత్ర్యం, పత్రికా స్వాతంత్ర్యం, రహస్య ఓటు, అన్నీ అందులో ఉన్నాయి. మరుసటి ఏడాది డిసెంబరులో ఎన్నికలు జరిగాయి. ఓటు చీటీ మీద ఒక్కటే పేరు.

ఉక్కు, యుద్ధం, చావు

ఇంత చెప్పాక కూడా ఒక వాదం మిగులుతుంది. నాగలి పట్టిన దేశాన్ని ఉక్కు దేశంగా మార్చాడు, హిట్లర్‌ని ఓడించాడు కదా అని. ఫ్యాక్టరీలు నిజం. అక్షరాస్యత నిజం. నాజీల నడుం విరిచింది ప్రధానంగా ఎర్రసైన్యమే, అందుకు సోవియట్ ప్రజలు 2 కోట్ల 70 లక్షల ప్రాణాలిచ్చారు. ఆ రుణం ప్రపంచం మరచిపోకూడదు. కానీ ఆ గెలుపుని స్టాలిన్ ఖాతాలో వేసేముందు మిగతా ఖాతా కూడా చదవాలి. యుద్ధానికి ముందు అయిదుగురు మార్షల్స్‌లో ముగ్గురిని ఆయన మింగేశాడు. 1939 ఆగస్టులో హిట్లర్‌తో ఒప్పందం చేసుకుని పోలండ్‌ని పంచుకున్నాడు. మరుసటి వసంతంలో కాటిన్ అడవిలోనూ ఇతర చోట్లా సుమారు 22 వేల మంది పోలిష్ అధికారుల్ని, ఖైదీల్ని కాల్పించాడు. 1941 జూన్ 22 నాటి జర్మనీ దాడి గురించి వచ్చిన హెచ్చరికలన్నీ కొట్టిపారేశాడు. యుద్ధం ముగియకముందే చెచెన్లు, ఇంగుష్‌లు, క్రిమియా తాతార్లు, జాతులకి జాతుల్ని రైళ్లకెక్కించాడు. మాగ్నితొగోర్స్క్ ఉక్కు నగరాన్ని కట్టినవాళ్లలో పల్లెల్లోంచి తోలుకొచ్చిన రైతు కుటుంబాలు వేలల్లో ఉన్నాయి. ఇంతమందిని చంపకుండా ఉక్కు కరగదని ఎవరూ రుజువు చేయలేదు.

1953 జనవరిలో క్రెమ్లిన్ వైద్యుల మీద, వాళ్లలో ఎక్కువమంది యూదులు, నాయకుల్ని చంపే కుట్ర చేశారని నేరం మోపారు. అప్పటికే స్టాలిన్ సొంత వైద్యుడు వినొగ్రాదోవ్ జైల్లో ఉన్నాడు. మార్చి 1న కూంత్సెవో విడిదిలో స్టాలిన్ పొద్దెక్కినా గదిలోంచి రాలేదు. పిలవకుండా లోపలికి వెళ్లే ధైర్యం కాపలావాళ్లకి లేదు. రాత్రి పదిన్నర దాటాక చూస్తే నేల మీద పడి ఉన్నాడు, మాట లేదు. వైద్యులు వచ్చింది మర్నాడు పొద్దున. మార్చి 5న ప్రాణం పోయింది. అంత్యక్రియల రోజుల్లో చివరి చూపు కోసం తోసుకున్న జనంలో ఎంతోమంది మాస్కో వీధుల్లో నలిగి చనిపోయారు. వాళ్లు బలవంతాన తెచ్చిన జనం కాదు, నిజంగానే ఏడ్చినవాళ్లు. శిబిరంలో తండ్రిని పోగొట్టుకున్నవాళ్లూ ఏడ్చారు. ఆ కన్నీళ్లని ఎగతాళి చేయడానికి నాకు నోరు రాదు. ఇరవై ఏళ్ల పాటు ఇంకో గొంతు వినపడని చోట మనిషికి మిగిలేది అదే.

మూడేళ్లకి కృశ్చేవ్ నిజం కొంత చెప్పాడు, 1961లో శవాన్ని లెనిన్ సమాధి మందిరంలోంచి తీయించాడు. చెప్పిన కృశ్చేవ్ కూడా ఉక్రెయిన్‌లో, మాస్కోలో ఆ జాబితాల పనిలో పాలుపంచుకున్నవాడే కాబట్టి పార్టీ పెద్దల చావులు లెక్కపెట్టాడు, రైతుల చావుల జోలికి పోలేదు. ఆ పని మామూలు పౌరులు నెత్తికెత్తుకున్నారు. 1989లో పుట్టిన ‘మెమోరియల్’ సంస్థ దస్తావేజులు తవ్వి, గోతులు వెదికి, 30 లక్షల మందికి పైగా బాధితుల పేర్లు ఒక చోటికి చేర్చింది. ఏటా అక్టోబరు 29న మాస్కోలో రహస్య పోలీసు ప్రధాన కార్యాలయం ఎదుట సొలోవ్కీ నుంచి తెచ్చిన రాయి దగ్గర జనం వరుసకట్టి ఆ పేర్లని గట్టిగా చదివేవాళ్లు. పేరు, వయసు, వృత్తి, కాల్చిన తేదీ.

2021 డిసెంబరు 28న రష్యా సుప్రీంకోర్టు ఆ సంస్థని మూసేయమని తీర్పిచ్చింది. సోవియట్ దేశాన్ని ఉగ్రవాద రాజ్యంగా చిత్రిస్తున్నారని, గర్వపడాల్సిన చరిత్రకి మనం ఎందుకు పశ్చాత్తాపపడాలని ప్రాసిక్యూటర్ వాదించాడు. మరుసటి ఏడాది మెమోరియల్‌కి నోబెల్ శాంతి బహుమతిలో భాగం దక్కింది. 2024 నవంబరులో మాస్కోలోని గులాగ్ (నిర్బంధ శిబిరాల) చరిత్ర మ్యూజియాన్ని అగ్నిమాపక నిబంధనల పేరుతో మూసేశారు. 2025 మేలో, మాస్కో మెట్రో 90 ఏళ్ల వేడుకల సందర్భంగా, తగాన్‌స్కయా స్టేషన్ నడవాలో 1960ల్లో పీకేసిన ఒక గోడ శిల్పానికి నకలు చేయించి మళ్లీ పెట్టారు. మధ్యలో స్టాలిన్, చుట్టూ కార్మికులు, పిల్లలు. దాని పేరు ‘నాయకుడికి, సేనానికి ప్రజల కృతజ్ఞత’.